మైకు కింద పెట్టి వెళ్ళిన అమ్మాయి

మన హాస్టల్ వార్షికోత్సవ సంచికలో ఎవరి గురించి రాయాలన్నది పెద్దగా ఆలోచించాల్సిన పని ఉండదు. అంబేద్కర్ గారి మీద ఒక వ్యాసం, సావిత్రిబాయి ఫూలే గారి మీద ఒకటి, కలాం గారి మీద ఒకటి ఏటా వస్తాయి. రావాలి కూడా. అందుకే ఈసారి మేము జపాన్ దేశపు పాటల అమ్మాయి గురించి రాస్తామని చెప్పినప్పుడు సంపాదకవర్గంలోని చెల్లెళ్ళు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. "అక్కా, బీటీఎస్ గురించైతే అందరూ చదువుతారు కదా" అని డిగ్రీ చెల్లెలొకామె సలహా కూడా ఇచ్చింది. బీటీఎస్ గురించి రాయడానికి మీరున్నారు. మేము చెప్పబోయే ఆమె పాడటం మానేసి నలభై అయిదేళ్ళు దాటింది. ఆమె పేరు యామగుచి మొమొయె. జపాన్‌లో ఇంటిపేరు ముందు వస్తుంది, మనలాగే.

మేము అంటే పై అంతస్తు చివరి గదిలో ఉండే నలుగురం. ఒకరిది ఎం.ఏ. ఇంగ్లీషు, ఒకరిది ఎం.కాం., ఒకరిది ఎం.ఎస్.డబ్ల్యు., ఒకరిది ఎమ్మెస్సీ బాటనీ. ఇద్దరి అమ్మలు కూలికి పోతారు, ఒకరి నాన్న ఆటో నడుపుతారు, ఒకరి ఇల్లు అమ్మ కుట్టుమిషన్ మీద నడుస్తుంది. నాలుగు ఇళ్ళలోనూ డిగ్రీ పట్టా చూసిన మొదటివాళ్ళం మేమే. ఈ సంగతి మమ్మల్ని పొగుడుకోవడానికి చెప్పడం లేదు. ముందు ముందు దీనితో పని ఉంది.

మొమొయె మాకు పాటల ద్వారా పరిచయం కాలేదు, సిలబస్ ద్వారా అయింది. మాలో ఇంగ్లీషు చదివే ఒకరు కవబాత యసునారి రాసిన 'ఇజు నర్తకి' అనే పెద్దకథ చదవాల్సి వచ్చింది. కవబాత 1968లో నోబెల్ బహుమతి పొందిన జపాన్ రచయిత. ఈ కథ 1926 నాటిది. టోక్యోలో చదువుకునే ఒక కుర్రాడు ఇజు అనే కొండ ప్రాంతంలో కాలినడకన తిరుగుతూ, ఊరూరా ఆడి పాడి పొట్ట పోసుకునే ఒక బృందంతో కలిసి నడుస్తాడు. అందులో ఒక చిన్న నాట్యగత్తె ఉంటుంది. దారిలో అక్కడక్కడా ఊళ్ళ మొదట్లో పలకలు పాతి ఉంటాయి. బిచ్చగాళ్ళు, తిరుగుడు ఆటగాళ్ళు ఈ ఊళ్ళోకి రాకూడదని వాటి మీద రాసి ఉంటుంది. ఆ రాత్రి కథ గట్టిగా చదువుతూ ఉంటే పలక దగ్గరికి వచ్చేసరికి గదిలో ఎవరూ ఏమీ మాట్లాడలేదు. ఎందుకో ఈ పత్రిక చదివేవాళ్ళకు మేము వివరించనక్కర్లేదు.

ఈ కథను జపాన్‌వాళ్ళు ఆరుసార్లు సినిమాగా తీశారు. 1974 డిసెంబరులో వచ్చిన ఆరో సినిమాలో ఆ నాట్యగత్తెగా నటించిన పదిహేనేళ్ళ అమ్మాయే మొమొయె. సినిమా కోసం వెతికి ఆమె దగ్గరికి, ఆమె దగ్గర్నుంచి ఆమె పాటల దగ్గరికి వెళ్ళాం. ఇంగ్లీషు ఉపశీర్షికలతో, ఒక్క ఫోనులో, రెండు చెవుల తీగను నలుగురం పంచుకుని విన్నాం.

ఆమె 1959 జనవరి 17న టోక్యోలో పుట్టింది. మొమొయె అంటే నూరు దీవెనలు అని అర్థం. పెరిగింది యోకొసుకా అనే రేవు పట్టణంలో. అక్కడ అమెరికా నౌకాదళ స్థావరం ఉంది. తండ్రికి వేరే కుటుంబం ఉంది, ఈ ఇంట్లో ఉండేవాడు కాదు. తల్లి ఇంటి దగ్గరే కూలిపనులు తెచ్చుకుని చేస్తూ ఇద్దరు ఆడపిల్లలను పెంచింది. మొమొయె పెద్దది. ఏడో తరగతి చదివే రోజుల్లో వేసవి సెలవుల్లో పేపర్లు కూడా వేసింది. ఇవన్నీ ఎవరో తవ్వి తీసినవి కావు. 21 ఏళ్ళ వయసులో ఆమే తన పుస్తకంలో రాసుకుంది. దాని గురించి తర్వాత చెబుతాం.

1971లో అక్కడి నిప్పన్ టీవీలో 'స్టార్ తంజో' అని ఒక పోటీ కార్యక్రమం మొదలైంది. 'తార పుట్టింది' అని అర్థం. మన టీవీల్లో పాటల పోటీలు చూసి చూసి మనకు అలవాటే గానీ, దాని పద్ధతి కొంచెం వేరు. చివరి రౌండులో పాడిన పిల్లను వేదిక మీద నిలబెడతారు. కింద రికార్డు కంపెనీలవాళ్ళు, నటులను చూసుకునే సంస్థలవాళ్ళు వరుసగా కూర్చుని ఉంటారు. ఎవరికి ఆ పిల్ల కావాలో వాళ్ళు తమ కంపెనీ పేరు రాసిన అట్ట పైకెత్తుతారు. ఒక్క అట్టా లేవకపోతే ఆ పిల్ల అందరి ముందూ దండం పెట్టి ఇంటికి వెళ్ళిపోవాలి. అంతమంది కళ్ళ ముందు నిలబడి ఎవరి చేయి లేస్తుందా అని చూడటం ఎలా ఉంటుందో మాకు కొంచెం తెలుసు. అయిదో తరగతి తర్వాత గురుకుల సీటు కోసం, తర్వాత హాస్టల్ సీటు కోసం, మనలో చాలామందిమి ఎవరి బల్ల ముందో అలా నిలబడినవాళ్ళమే.

1972లో పదమూడేళ్ళ మొమొయె అక్కడ నిలబడింది. మొదటి బహుమతి రాలేదు, రెండో స్థానం వచ్చింది. కానీ ఇరవై అట్టలు లేచాయి. ఆ పోటీలోనే ఒక న్యాయనిర్ణేత, సీరియల్లో ఎవరికైనా చెల్లెలి వేషానికైతే బాగుంటావు గానీ పాట మాత్రం మానుకుంటే మంచిదేమో అన్నాడని ఆమె తర్వాత రాసుకుంది. హోరిప్రో అనే సంస్థ ఆమెను తీసుకుంది. 1973 మే నెలలో 'తొషిగోరో' అనే మొదటి పాట వచ్చింది. అప్పటికి ఆమె వయసు 14.

ఇక్కడ 'ఐడల్' అనే మాట గురించి కొంచెం చెప్పాలి. జపాన్‌లో ఆ మాటకు ఉత్త గాయని అని అర్థం రాదు. పాడాలి, ఆడాలి, టీవీలో నటించాలి, సినిమా చేయాలి, ప్రకటనల్లో కనిపించాలి, పత్రికల ముఖచిత్రాల మీద ఉండాలి. అన్నిటికంటే ముఖ్యం, జనం కళ్ళ ముందు పెరగాలి. పక్కింటి పిల్ల పెద్దదవుతూ ఉంటే చూసినట్టు ప్రేక్షకులు చూస్తారు. ఏ పాట పాడాలో, ఏ గౌను వేసుకోవాలో, ఎప్పుడు నవ్వాలో సంస్థ చెబుతుంది. ఆ పోటీ నుంచే వచ్చిన మోరి మసాకో, సకురాద జున్‌కో, మొమొయె ముగ్గురూ ఒకే తరగతి పిల్లలు. వాళ్ళు తొమ్మిదో తరగతిలో ఉన్నప్పుడు వాళ్ళ ముగ్గురికీ కలిపి తొమ్మిదో తరగతి త్రయం అని పేరు పెట్టారు. పై తరగతికి వెళ్ళగానే పేరు కూడా మారింది. 1977లో హైస్కూలు చదువు పూర్తయ్యేదాకా అలాగే ఏడాదికోసారి పేరు మారుస్తూ పోయారు. చదువు మాత్రం ముగ్గురూ మానలేదు. షూటింగులూ కచేరీలూ చేస్తూనే మొమొయె హైస్కూలు పూర్తి చేసింది. తెల్లవారుజామున రెండు గంటలకు నిద్రపోయి బడికి వెళ్ళే పిల్ల ఎలా ఉండి ఉంటుందో గానీ, పాత వీడియోల్లో ఆమె కళ్ళు ఎప్పుడూ కొంచెం అలసటగానే ఉంటాయి. నవ్వు కూడా తక్కువ. మిగతా ఇద్దరూ చక్కగా నవ్వుతూ ఉంటారు, ఈమె నిలబడి సూటిగా చూస్తుంది. గొంతు కూడా కింది స్థాయిలో, కొంచెం బరువుగా ఉంటుంది.

ఇప్పుడు చెప్పబోయేది మాకు నచ్చని భాగం. మొదటి పాట అంతగా అమ్ముడుపోలేదు. రెండో పాట నుంచి సంస్థ దారి మార్చింది. చిన్నపిల్ల నోటితో పెద్దల అర్థాలున్న మాటలు పాడించడం మొదలుపెట్టింది. రాసినవాళ్ళు పెద్దవాళ్ళు, పాడింది పద్నాలుగు, పదిహేనేళ్ళ పిల్ల. 1974లో వచ్చిన 'హితోనత్సు నొ కెయికెన్' చాలా పెద్ద హిట్టు. దాంట్లో ఆడపిల్ల తనకున్న అన్నిటికంటే విలువైనదాన్ని ఇస్తానంటుంది. ఇక విలేకరులందరికీ ఒకటే ప్రశ్న, ఆ విలువైనది ఏమిటని. పదిహేనేళ్ళ పిల్లను నలుగురిలో అడగవలసిన ప్రశ్నేనా అది? ఆమె ప్రతిసారీ మారకుండా ఒకే మాట చెప్పేది. 'మగొకొరో'. నిజమైన మనసు అని అర్థం. వెటకారం లేదు, ఏడుపు లేదు. అడిగినవాడికి ఇక మాట్లాడటానికి ఏమీ మిగలని జవాబు అది. బస్టాండులోనూ షేర్ ఆటోలోనూ పనికిమాలిన ప్రశ్నలు ఎదుర్కొనే మన చెల్లెళ్ళు ఆ వీడియోలు ఒకసారి చూడాలి. ఆ పాటలు మంచివని మేము అనం. ఆ జవాబు మాత్రం మా గదిలో వాడుకలోకి వచ్చింది. పెళ్ళిచూపుల్లో "అమ్మాయికి ఏమేం వచ్చు" అని అడిగితే ఏం చెప్పాలి అని ఒకరంటే మిగతా ముగ్గురం "మగొకొరో" అంటాం.

టీవీ సీరియళ్ళు వేరే కథ. 1975లో మొదలైన 'అకాయి గివాకు' అనే సీరియల్లో ఆమె రక్త క్యాన్సరు వచ్చిన అమ్మాయిగా నటించింది. అది 1984లో చైనాలో ప్రసారమైతే దేశమంతా కూర్చుని చూసింది. అప్పటికి ఆమె నటన మానేసి నాలుగేళ్ళయింది.

అసలు కథ 1976లో మొదలవుతుందని మా అభిప్రాయం. అప్పటికి మొమొయె వయసు 17. ఉజాకి ర్యూదో అని ఒక రాక్ బృందం నడిపే సంగీతకారుడు ఉండేవాడు. ఐడల్స్‌కు పాటలు కట్టే రకం కాదు. అతని పాటలు విని, తనకు ఇతని చేత పాట చేయించమని ఆమే సంస్థను అడిగింది. అంతవరకు ఇచ్చింది పాడిన పిల్ల అది. అతని భార్య ఆకి యోకో మాటలు రాసింది, అతను బాణీ కట్టాడు. అలా వచ్చిన పాట 'యోకొసుకా స్టోరీ'. ఆకి యోకో కూడా యోకొసుకాలో పెరిగినదే. అంటే ఆ ఊళ్ళో పెరిగిన ఒక స్త్రీ రాసిన పాటను అదే ఊళ్ళో పెరిగిన అమ్మాయి పాడింది. మొమొయె పాటలన్నిటిలో ఎక్కువగా అమ్ముడుపోయింది అదే.

ఆ పాట వీడియోనూ, మూడేళ్ళ ముందు నాటి మొదటి పాట వీడియోనూ పక్కపక్కన పెట్టి చూడండి. మొదటిదాంట్లో చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియని పిల్ల ఉంటుంది. రెండోదాంట్లో ఊరి పేరు పెట్టుకుని నిలబడిన మనిషి ఉంటుంది. ఈ పాట దగ్గర మేము ఎక్కువసేపు ఆగడానికి కారణం ఉంది. మన దగ్గర కాలేజీలో చేరిన కొత్తలో మీది ఏ ఊరు అని అడిగితే, ఊరి పేరు చెప్పకుండా పక్కనున్న టౌను పేరు చెప్పేవాళ్ళు ఎంతమంది లేరు? ఊరి పేరు చెబితే తర్వాతి ప్రశ్న ఊళ్ళో ఎటువైపు అని వస్తుంది మరి. యోకొసుకా కూడా గొప్పగా చెప్పుకునే ఊరేమీ కాదు. సైనికుల ఊరు, బార్ల ఊరు అని పేరు. ఆ ఊరి పేరునే ఆమె దేశమంతటి చేతా పలికించింది.

ఆ తర్వాత ఆకి, ఉజాకి దంపతులు ఆమెకు వరసగా పాటలు ఇచ్చారు. ఆ పాటల్లో అమ్మాయి ఎవరి కోసమో ఎదురుచూస్తూ కూర్చోదు, ఎదురు జవాబు చెబుతుంది. 1978లో వచ్చిన 'ప్లేబ్యాక్ పార్ట్ 2' లో ఒక అమ్మాయి ఎర్రటి పోర్షే కారు నడుపుకుంటూ పోతుంది. అక్కడి ప్రభుత్వ రంగ టీవీ ఎన్.హెచ్.కె. లో కంపెనీల పేర్లు పలకకూడదని నియమం. అందుకని పోర్షే తీసేసి ఉత్త కారు అని పాడమన్నారు, పాడింది. అంత పెద్ద గాయనికి కూడా రూలు రూలేనన్నమాట. మన హాస్టల్ ఆఫీసు గుర్తొచ్చి నవ్వుకున్నాం.

అదే ఏడాది డిసెంబరు 31 రాత్రి అదే ఎన్.హెచ్.కె. లో జరిగే 'కోహకు' పాటల పోటీలో ఎర్ర జట్టు, అంటే స్త్రీల జట్టు, తరఫున అందరికంటే చివర పాడే గౌరవం ఆమెకు దక్కింది. జపాన్‌లో ఇంటిల్లిపాదీ కూర్చుని చూసే కార్యక్రమం అది. చివరి పాట అంటే పేరు మోసిన పెద్ద గాయకులకు ఇచ్చే స్థానం. అప్పటికి ఆమెకు 19 ఏళ్ళు.

నెమ్మది పాటలు కూడా ఉన్నాయి. జపాన్ జాతీయ రైల్వేవాళ్ళ ప్రచారం కోసం 1978లో పాడిన 'ఈ హి తబిదాచి' ఇప్పటికీ అక్కడ అందరికీ తెలిసిన పాట. 1977లో సదా మసాషి రాసి బాణీ కట్టి ఇచ్చిన 'కోస్మోస్' మాకు అన్నిటికంటే ఇష్టం. తెల్లారితే పెళ్ళి, కూతురు తల్లి దగ్గర కూర్చుని ఉంటుంది. తల్లి పాత ఫోటోల పుస్తకం తిరగేస్తూ కూతురి చిన్నప్పటి సంగతులు చెబుతుంది. అంతే పాట. మా అమ్మల దగ్గర మా చిన్నప్పటి ఫోటోలు లేవు. మాలో ఒకరి మొదటి ఫోటో రేషన్ కార్డు కోసం అందరూ కలిసి దిగింది. అయినా ఆ పాట వచ్చినప్పుడు కుట్టుమిషన్ అమ్మ కూతురు బయటికి వెళ్ళి వరండాలో నిలబడుతుంది.

సినిమాల్లో ఆమెకు జంటగా చేసినవాడు మియురా తొమొకజు. 'ఇజు నర్తకి' లో ఆ చదువుకునే కుర్రాడు అతనే. 1979 అక్టోబరులో ఒసాకా కచేరీలో వేదిక మీద నుంచే తాను అతన్ని ప్రేమిస్తున్నానని ఆమె చెప్పేసింది. 1980 మార్చి 7న ఇద్దరూ విలేకరుల ముందుకు వచ్చారు. పెళ్ళి చేసుకుంటున్నామని, తాను పాటా నటనా పూర్తిగా మానేస్తున్నానని చెప్పింది. వయసు 21.

మానేస్తానని చెప్పిన రోజుకూ మానేసిన రోజుకూ మధ్య ఏడు నెలలు ఉన్నాయి. ఆ ఏడు నెలల్లో ఒప్పుకున్న పనులు ముగించింది. చివరి సినిమా 'కోతో' కూడా కవబాత నవలే. అన్నిటికంటే ముఖ్యంగా ఒక పుస్తకం రాసింది. పేరు 'అఓయి తొకి'. తన తరఫున ఎవరో రాసి పేరు పెట్టడం ఆమె ఒప్పుకోలేదు. తానే కూర్చుని రాసింది. పుట్టుక గురించి, తండ్రి గురించి, తల్లి కష్టం గురించి, ఆ చిన్నవయసు పాటల గురించి దాచకుండా రాసింది. అప్పటిదాకా పత్రికలవాళ్ళు ఆమె పుట్టుకను ముక్కలు ముక్కలుగా అమ్ముకుంటూ ఉన్నారు. 1980 సెప్టెంబరులో పుస్తకం వచ్చాక వాళ్ళకు అమ్ముకోవడానికి ఏమీ మిగల్లేదు. పది లక్షల పైన ప్రతులు పోయాయి.

1980 అక్టోబరు 5న టోక్యోలోని నిప్పన్ బుదోకన్‌లో చివరి కచేరీ. తెల్ల గౌను, తెల్ల మైకు. నా మొండితనాన్ని మన్నించినందుకు మీకు కృతజ్ఞతలు, నేను సుఖంగా ఉంటాను అన్న అర్థం వచ్చే మాటలు జనానికి చెప్పింది. చివరి పాట ఏడుస్తూనే పాడింది. పాడాక మైకును వేదిక మధ్యలో నేల మీద పెట్టి, వెనక్కి తిరిగి నడిచి వెళ్ళిపోయింది. 1973 మే నుంచి లెక్కేస్తే 7 సంవత్సరాల 5 నెలలు. నవంబరు 19న పెళ్ళి. ఆ తర్వాత మళ్ళీ ఏ వేదిక ఎక్కలేదు.

ఈ వీడియో చూసిన రాత్రి మా గదిలో పెద్ద గొడవ అయింది. కింది అంతస్తు నుంచి వాచ్‌ఉమన్ ఆంటీ వచ్చి లైటు తీయమని అరిచేదాకా సాగింది. ఆ గొడవ కోసమే ఈ వ్యాసం రాస్తున్నాం.

ఎం.ఎస్.డబ్ల్యు. ఆమె గట్టిగా అడిగింది. "ఇంత చేసి చివరికి ఏం చేసింది? పెళ్ళి కోసం పని మానేసింది. మన ఇళ్ళల్లో మనల్ని చేయమంటున్నది కూడా అదే కదా! దీంట్లో గొప్పేముంది?" ఆ ప్రశ్నకు మా దగ్గర సులువైన జవాబు లేదు. ఆమె అక్కడితో ఆగలేదు, ఇంకొక పేరు తెచ్చింది. మొమొయె వెళ్ళిపోయిన ఆ 1980 లోనే, ఏప్రిల్‌లో, మత్సుద సెయికో అనే కొత్త ఐడల్ వచ్చింది. ఆమె 1985లో పెళ్ళి చేసుకుంది, 1986లో పాప పుట్టింది, పాట మాత్రం మానలేదు. పెళ్ళయిన ఐడలా అని ముక్కున వేలేసుకున్నవాళ్ళు ఉన్నారు, ఆమె పాడుతూనే ఉంది. 2024లో, 62 ఏళ్ళ వయసులో, చువో విశ్వవిద్యాలయం నుంచి దూరవిద్యలో న్యాయశాస్త్రం డిగ్రీ కూడా తీసుకుంది. "రాస్తే ఈమె గురించి రాయండి" అని ఎం.ఎస్.డబ్ల్యు. వాదన. న్యాయమైన వాదనే. వచ్చే సంచికకు ఆమే రాయాలని ఇక్కడ అచ్చులో ఇరికిస్తున్నాం.

ఎం.కాం. ఆమె లెక్క వేరు. ఏడేళ్ళు సంపాదించి, తల్లికీ చెల్లెలికీ ఆసరా అయిన మనిషి మానేయడం వేరు, మొదటి జీతం ముఖం చూడకుండా మానేయడం వేరు అంటుంది. మొమొయెకు వద్దనుకోవడానికి ఒక పని ఉంది. మనకు అదింకా చేతికి రాలేదు.

మా గదిలో ఇప్పుడు నలుగురం ఉన్నాం గానీ పోయిన ఏడాది అయిదుగురం. అయిదో ఆమె రెండో సెమిస్టరు మధ్యలో ఒక ఆదివారం ఇంటికి వెళ్ళింది. బుధవారం ఆమె అన్న వచ్చి ట్రంకు పెట్టె, బకెట్టు, పరుపు ఆటోలో వేసుకుని వెళ్ళాడు. సంబంధం కుదిరిందట. అబ్బాయి వాళ్ళు చదివింది చాలన్నారట. పదిహేను రోజులకు ఆమె హాల్ టికెట్ వచ్చింది. ఫోను చేస్తే ఎత్తిన మనిషి వేరు. ఆమె మంచం గోడవైపు ఉండేది, గోడ మీద పెన్సిలుతో గ్రూప్ టూ సిలబస్ రాసుకుంది. అది ఇంకా అలాగే ఉంది. ఆమె చదువు మానేయాలనుకుందేమో, మాకు తెలియదు. అడిగే వీలు ఎవరూ ఇవ్వలేదు. ఆమెకు కూడా.

అందుకే మేము మొమొయెను చూసే చోటు వేరు. పెళ్ళి కోసం మానేసింది అన్నది ఒక వాక్యం. ఆ వాక్యం వెనక ఎవరు తేదీ పెట్టారు, ఎవరు చెప్పారు, ఎన్ని నెలలు తీసుకుంది, చివరి మాట ఎవరిది అన్నవి చూడాలి. తేదీ ఆమె పెట్టుకుంది. విలేకరులకు తన నోటితో చెప్పుకుంది. తన కథ తన చేత్తో రాసుకుంది. మైకు ఎవరూ లాక్కోలేదు, ఆమే కింద పెట్టింది. మాకు వేదికా మైకూ లేవు. ట్రంకు పెట్టెలు ఉన్నాయి. వాటి తాళం ఎవరి దగ్గర ఉంటుంది అన్నదే ఆ రాత్రి గొడవంతా. మాలో ఇద్దరికి ఈ వేసవిలో సంబంధాలు చూస్తామని ఇంట్లో చెప్పారు. ఒకరు డీఎస్సీ అయ్యాకే అని చెప్పి వచ్చారు. వాళ్ళ నాన్న ఏమీ అనలేదు, ఆటో తుడుస్తూ కూర్చున్నారట. ఇంకొకరు ఇంకా చెప్పలేదు. ఎలా చెప్పాలో రోజూ రాత్రి మా ముందు రిహార్సల్ చేస్తోంది. మేము ముగ్గురం మార్చి మార్చి వాళ్ళ నాన్నగా, మేనమామగా కూర్చుంటున్నాం. మేనమామ వేషంలో ఎం.కాం. ఆమెను మించినవాళ్ళు లేరు, కట్నం లెక్కలు కూడా నోటికి చెప్పేస్తుంది. కూతురు వేషంలో ఉన్నామెకు మాత్రం ఇప్పటికీ మూడో వాక్యం దగ్గర గొంతు పట్టేస్తోంది.

మొమొయె తర్వాత ఏమైందని కొందరు చెల్లెళ్ళు అడిగారు. ఇద్దరు కొడుకులు. ఒకరు గాయకుడు, ఒకరు నటుడు. తల్లి మాత్రం తెర మీదికి రాలేదు. ఆ చివరి కచేరీని ఎన్.హెచ్.కె. 2021 జనవరిలో ప్రసారం చేస్తే, ఆమె మానేశాక పుట్టినవాళ్ళు కూడా కూర్చుని చూశారు. 2019లో ఆమె పేరు మీద ఒక పుస్తకం వచ్చింది. పాటల గురించి అయి ఉంటుందని అనుకున్నాం. తీరా చూస్తే బొంతల పుస్తకం! గుడ్డముక్కలు అతికి కుట్టే పని ఆమె ఏళ్ళ తరబడి ఒక గురువు దగ్గర నేర్చుకుని కుడుతోంది. ఇంట్లోవాళ్ళ కోసం కుట్టినవి, పిల్లల కోసం కుట్టినవి, వాటి ఫోటోలతో వేసిన పుస్తకం అది. ముఖచిత్రం మీద పేరు మియురా మొమొయె అని ఉంటుంది. పాత చీరముక్కలతో మా నాయనమ్మలు కుట్టిన బొంతలు మా నలుగురి దగ్గరా ఉన్నాయి. వాటి పక్కన పెడితే ఆమెవి చాలా నాజూకు పని. కుట్టు మాత్రం అదే కుట్టు అని కుట్టుమిషన్ ఇంటి అమ్మాయి తేల్చి చెప్పింది.

చివరి కచేరీ చూడాలనుకునే చెల్లెళ్ళు ఆదివారం మెస్ అయ్యాక మా గదికి రావచ్చు. గంటన్నర పైనే పడుతుంది. డేటా మాది, ఛార్జింగు మీరు తెచ్చుకోవాలి. గోడ మీద పెన్సిలు రాతను మాత్రం ఎవరూ చెరపవద్దు.